‘గుడ్’ అన్నారు.. ప్రమోషన్ ఆపారు!

సీఆర్‌లు, సీనియార్టీ జాబితాలపై ఉద్యోగుల కోర్టు బాట

బీదర్: పై అధికారి ‘పనితీరు బాగుంది’ అని రాస్తే ఏ ఉద్యోగికైనా సంతోషమే కదా! అదే మాట ఓ ఇంజినీరు ప్రమోషన్‌కు ఎసరు పెట్టింది. సరిహద్దు రోడ్ల సంస్థలో ఎగ్జిక్యూటివ్ ఇంజినీరు దేవ్‌దత్ ముచ్చట ఇది. సూపరింటెండింగ్ ఇంజినీరు కావాలంటే ఐదేళ్ల నివేదికల్లో ‘వెరీ గుడ్’ ఉండాలి. ఆయనకు 1993-94లో ‘గుడ్’ పడింది. ఆ సంగతి ఆయనకెవరూ చెప్పలేదు. చెడుగా రాస్తేనే చెప్పాలి, ‘గుడ్’ చెడ్డదెలా అవుతుందన్నది సర్కారు వాదన. తోటివారు పైకెళ్లారు. గౌహతి హైకోర్టులో ఆయన ఓడిపోయారు. సుప్రీంకోర్టు గెలిపించేసరికి 2008 మే 12 వచ్చింది, అప్పటికే ఆయన రిటైరయ్యారు.

ప్రమోషన్‌కు అడ్డుపడే రాత పేరుకు మంచిదైనా ప్రతికూలమే అని కోర్టు తేల్చింది. గ్రేడు ఏదైనా ఉద్యోగికి తెలపాల్సిందే. అభ్యంతరం చెప్పుకొని గ్రేడు మార్పించుకుంటే, రిటైరైన దేవ్‌దత్‌కూ 8 శాతం వడ్డీతో బకాయిలివ్వాలంది. 2013లో సుఖ్‌దేవ్‌సింగ్ కేసులో ముగ్గురు జడ్జీల బెంచ్ దీన్నే ఖరారు చేసింది. కేంద్ర ఉద్యోగులకైతే 2009 మే ఉత్తర్వుల ప్రకారం నివేదిక మొత్తం చూపాలి, అందిన 15 రోజుల్లో అభ్యంతరం రాసివ్వాలి. బీదర్ పోస్టాఫీసు, రైల్వే సిబ్బంది గుర్తుంచుకోవాల్సిన లెక్క ఇది. కర్ణాటక ఉద్యోగులకు వేరే నియమావళి ఉంది. కన్నడలో ‘కార్యనిర్వహణా వరది’ అని కాగితం వస్తే మన తెలుగు ఉద్యోగులు తీరిగ్గా చూద్దాంలే అని పక్కన పెట్టొద్దు. అదే ఒకప్పటి సీఆర్.

మెట్ల మీద పంచాయితీ

సీఆర్‌ది ఒక్కడి గోడు. సీనియార్టీది వేలమంది గొడవ. ఒకే ఏడాది ఇద్దరు ఎస్‌డీఏలుగా చేరారనుకుందాం. జూనియర్ రిజర్వేషన్ రోస్టర్‌లో ముందుగా ఎఫ్‌డీఏ అయ్యాడు. సీనియర్ నాలుగేళ్ల తర్వాత అదే మెట్టెక్కాడు. ఇప్పుడు పై మెట్టుకు ఎవరు ముందు? మొదట ఎక్కినవాడా, మొదట చేరినవాడా? పాత సీనియార్టీ తిరిగొస్తుందనేదే ‘క్యాచప్’ వాదన. రాదంటూ పార్లమెంటు 2001లో 85వ సవరణ తెచ్చి, 1995 జూన్ 17 నుంచే వర్తింపజేసింది. కర్ణాటక 2002లో చట్టం చేసింది. ఎస్సీలకు 15 శాతం, ఎస్టీలకు 3 శాతం ప్రమోషన్ కోటాలో పైకి వచ్చినవారికి ఆ సీనియార్టీ దక్కింది.

బి.కె.పవిత్ర కేసులో సుప్రీంకోర్టు 2017 ఫిబ్రవరి 9న ఆ చట్టంలోని కీలక సెక్షన్లను కొట్టేసింది. వెనుకబాటు, తగినంత ప్రాతినిధ్యం లేకపోవడం, పాలనా సామర్థ్యం.. ఈ మూడింటిపై లెక్కలు తీయకుండా చట్టమెలా చేస్తారని ప్రశ్నించింది. మూడు నెలల్లో జాబితాలు సవరించమంది. పదేళ్లకు పైగా ఒక కుర్చీలో కూర్చున్నవారికి కింది కుర్చీ భయం పట్టుకుంది. ఇన్నాళ్లూ వెనకబడ్డామన్నవారికి ఆశ పుట్టింది. రెండు వైపులా న్యాయమైన బాధే. లెక్కలు ముందే తీసి ఉంటే ఇంత దూరం వచ్చేది కాదు.

ఆ లెక్కల పని అప్పటి అదనపు ప్రధాన కార్యదర్శి కె.రత్నప్రభకు అప్పగించారు. 2021 తిరుపతి లోక్‌సభ ఉప ఎన్నికలో పోటీ చేశారు కనుక తెలుగువారికి ఆమె ఎరుకే. ఆ నివేదిక ఆధారంగా వచ్చిన కొత్త చట్టానికి 2018 జూన్‌లో రాష్ట్రపతి ఆమోదం దొరికింది. 2019 మే 10న జస్టిస్ లలిత్, జస్టిస్ చంద్రచూడ్‌ల ధర్మాసనం దాన్ని సమర్థించింది. సవరించిన జాబితాలకు మళ్లీ సవరణే దిక్కయింది!

బీదర్‌కు ఇంకో ముడి

ఇక్కడి ఉద్యోగులకు ఇంకో లెక్కా ఉంది, అదే 371-జె. తెలుగు రాష్ట్రాల 371-డికి తమ్ముడి లాంటిది. 1956 దాకా ఒకే హైదరాబాద్ రాష్ట్రంలో ఉన్న జిల్లా కదా, ‘లోకల్-నాన్‌లోకల్’ ముచ్చట బీదర్‌కు కొత్త కాదు. 98వ రాజ్యాంగ సవరణ తర్వాత 2013 నవంబరు ఉత్తర్వులతో ఈ ప్రాంతంలో గ్రూప్ ఎ, బి పోస్టుల్లో 75 శాతం, సి లో 80, డి లో 85 శాతం స్థానికులకు కేటాయించారు. స్థానిక కేడర్ వేరు, మిగతా రాష్ట్రం కేడర్ వేరు. ఎవరు ఏ కేడర్‌లోకి వెళ్తారో దాన్ని బట్టే ఎవరి జాబితాలో ఎన్నో నంబరో తేలుతుంది. అందుకే అసిస్టెంట్ కమిషనర్ ఇచ్చే అర్హత పత్రానికి ఇక్కడ అంత విలువ.

ఎక్కడికి వెళ్లాలి?

సర్హద్దుకు అటువైపు జహీరాబాద్, నారాయణఖేడ్ ఉద్యోగులైతే నేరుగా హైకోర్టుకే వెళ్లాలి. ఉమ్మడి రాష్ట్రపు పరిపాలనా ట్రైబ్యునల్‌ను తెలంగాణ 2016లోనే వదులుకుంది. బీదర్ రాష్ట్ర ఉద్యోగి మాత్రం ముందు కర్ణాటక ట్రైబ్యునల్ గడప తొక్కాలి, దానికి కలబురగిలో బెంచ్ ఉంది. అక్కడ ఓడితే హైకోర్టు. 2008 జులైలో కలబురగికి సర్క్యూట్ బెంచ్ వచ్చేదాకా హైకోర్టు వాయిదాకు బెంగళూరు రైలెక్కాల్సిందే.

తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోగా ట్రైబ్యునల్‌కు వెళ్లాలి. అప్పీలు పెట్టుకుంటే ఆరు నెలలు చూసి, జవాబు రాకుంటే ఆ తర్వాత ఏడాది గడువు. తాత్కాలిక జాబితా, కన్నడలో ‘జ్యేష్ఠతా పట్టి’, నోటీసు బోర్డులో పడ్డప్పుడే అభ్యంతరం రాసిచ్చి, రశీదు తీసుకున్నవారి కేసులే కోర్టులో గట్టిగా నిలుస్తాయి.