ఆస్కారుకు చిత్రము నెంచువారు

అమెరికాలో ఏటేట నిచ్చు ఆస్కారు బహుమానములలో అన్యదేశ చిత్రముల కొకటి ప్రత్యేకముగా కలదు. 2024 నాటి నియమము ననుసరించి, దానికి ప్రతి దేశమును ఒక్క చిత్రమునే పంపవలెను. సంభాషణలలో సగమునకు మించి ఇంగ్లీషు గాని భాషలో నుండవలెను. ఆ యొక్కదానిని ఎంచునది ఆ దేశపు సంఘమే. మనకు ఫిల్మ్ ఫెడరేషన్ ఆఫ్ ఇండియా వారు ఏర్పఱచు సంఘ మా పని చేయును. 1986లో కె. విశ్వనాథ్‌గారి 'స్వాతిముత్యం' అట్లు పోయినదే. వితంతువు మెడలో తాళి గట్టిన అమాయకుని ఆ కథను మన సోదరీమణులు మఱచియుండరు.

2024లో 29 చిత్రములు పరిశీలనకు వచ్చెను. బొంబాయిలో నర్సుపని చేయు ఇద్దఱు మలయాళ స్త్రీల కథ, కేన్స్ ఉత్సవమున గ్రాండ్ ప్రీ పొందిన పాయల్ కపాడియాగారి 'ఆల్ వి ఇమాజిన్ యాజ్ లైట్', వానిలో నొకటి. నెగ్గినది మాత్రము కిరణ్ రావుగారి 'లాపతా లేడీస్'. మేలిముసుగుల మూలమున రైలులో పెండ్లికూతుండ్రు తాఱుమాఱైన కథ యిది. మంచి చిత్రమే, మాకును నచ్చినది. రెండును స్త్రీలు తీసినవి, స్త్రీల కథలు. ఎంచిన 13 మందియు పురుషులే! తల్లిని ఇంట నుంచి మగవారే పెండ్లిచూపులకు పోయినట్లున్నది. మా ఫిర్యాదు ఎంపికపై గాదు, ఆ కూటముపై.

అమెరికావారి 15 చిత్రముల తొలి పట్టికలో 'లాపతా లేడీస్' చేరలేదు. రెండవదాని కా ద్వారము తెఱువనే లేదు.