వడగాలిలో వలువ

కాజీపేట నుండి బల్లార్షా మీదుగా ఉత్తరమునకు పోవు రైలుబండి వైశాఖపు మధ్యాహ్నమున చంద్రపురమున ఆగినప్పుడు, కన్నులు మాత్రము కానవచ్చునట్లు తలను, చెవులను, ముఖమును గుడ్డతో చుట్టి, చొక్కాచేతులు మణికట్టుల వరకు దించుకొని సంచరించు జనము, దిగిన బాటసారికి ఎదురగును. 48 డిగ్రీల వేడిని సైతము చవిచూచిన ఆ యూర, ఒంటిమీది చొక్కాయే భారమని తోచు వేళ, ఇంత గుడ్డ యేల కప్పుకొందురని ఆతడు విస్తుపోవుట సహజము. అయినను ఆ జనము అనుభవమున నేర్చిన ఈ విద్య దేహధర్మమునకు చక్కగా ఒదిగియున్నది.

మన దేహాంతర్భాగపు ఉష్ణము సుమారు 37 డిగ్రీలు; చర్మము దానికంటె కొంత చల్లగా 35 ప్రాంతమున నుండును. చుట్టునున్న గాలి చర్మముకంటె చల్లనిదైనంతవరకు మనలోని వేడి గాలిలోనికి పోవును. గాలి 45 డిగ్రీలకు చేరినప్పుడు దాని వేడియే మనలోనికి చొచ్చుకొనివచ్చును. అప్పుడు దేహమునకు మిగులు శరణ్యము చెమట. ఒక లీటరు చెమట ఒంటిమీద ఆవిరియైనచో సుమారు 580 కిలోకాలరీల వేడిని వెంటగొనిపోవును. కారి నేలరాలిన చెమటవలన ఆ ఫలము లభింపదు. కావున యెండను, కాలుచున్న గాలిని చర్మమునకు సోకనీయక, చెమటను పీల్చి ఆరనిచ్చు వదులైన నూలుబట్టయే అచట యుక్తమైన కవచము.

ఎడారివాసులగు బెడూయిన్ల నల్లని అంగీలను గూర్చి 1980లో ప్రకటితమైన పరిశోధనలో, నల్లగుడ్డ తెల్లగుడ్డకంటె ఎక్కువ వేడిని గ్రహించినను, వదులైన అంగీలోపల ఆడు గాలి ఆ యధికోష్ణము చర్మమును చేరకమునుపే దానిని తొలగించునని తేలినది. వన్నెకంటె వదులు మిన్న యన్నమాట.

1956 దాక ఆదిలాబాదు జిల్లాలో భాగమై యుండిన, చంద్రపురమునకు పొరుగగు రాజురా సీమవారికి గాని, చైత్రమున చంద్రపురపు మహాకాళి జాతరకు తరలు తెలంగాణ భక్తులకు గాని, తలపై తడిపి వేసికొన్న తుండుగుడ్డ అమృతప్రాయము. పొడిగాలి ఆ తడిని వేగముగ ఆవిరిగ మార్చి చల్లదనము నిచ్చును. అదే గుడ్డ బెజవాడ ఉక్కపోతలో, గాలియే తేమతో నిండియుండుటచే, ఆరక ఒంటికంటుకొని బాధించును. అచట పలుచని బట్టయు, ఆడు గాలియు కావలెను.

మార్గశిరపు చలిలో, చంద్రపురపు చేరువనున్న తాడోబా యడవిని తెల్లవారుజామున మూతలేని జీపులో చూడబోవువానికి కథ మారును. అప్పుడు వెచ్చదనము నిచ్చునది పొరల నడుమ నిలిచిన గాలి. చెమటతో తడిసిన నూలుచొక్కా యాగాలిని పోగొట్టి, ఆరునప్పుడెల్ల దేహపు వేడిని దోచును. మన కురుమలు నేయు గొంగడి తన బరువులో నాల్గవ వంతుకు పైగా తేమను దాచుకొనియు వెచ్చగనే యుండును. కనుక లోన పొడిబట్ట, పైన ఉన్ని, ఆపైన గాలిని ఆపు పొర ధరించి, యెండ పొడిచినకొలది, చెమట పట్టకముందే ఒక్కొక్కటి విప్పుట మేలు.

అయినను చెమటకు మూలము నీరు. ఎంత మేలైన వస్త్రమును దానిని పుట్టింపజాలదు. బొగ్గుగనుల యంచున, రహదారులపై మిట్టమధ్యాహ్నము శ్రమించువారిని తలగుడ్డ యొక్కటే కాపాడదు. వారిచేత పనిచేయించువారు గంటగంటకు ఇంత నీడను, ఉప్పు కలిపిన చల్లని మజ్జిగను సమకూర్చినప్పుడే ఆ గుడ్డ చేయు మేలు సంపూర్ణమగును.