కామకురాలో ఒక పూట

నేను చదివింది ఐదో తరగతి. 18 ఏండ్లకు ఊరు విడిచి బొంబాయి వచ్చి, మిల్లులో బదిలీ కార్మికునిగా చేరిన. 1982 సమ్మె తర్వాత భివండికి పోయి సాంచెల మీద 30 ఏండ్లకు పైగా పని చేసిన. అసొంటి నేను జపాను గురించి రాస్తున్నానంటే నాకే నవ్వొస్తుంది. మా అల్లుడు కంప్యూటర్ ఉద్యోగం మీద టోక్యోలో ఉంటడు. బిడ్డ రమ్మని పోరు పెడితే ఏప్రిల్ నెల మొదట్లో నేనూ, మా ఇంటామె పోయి మూడు వారాలు ఉండి వచ్చినం. అక్కడ చూసిన వాటిలో కామకురా అనే ఊరు గురించి మీకు చెప్పాలని ఉన్నది. అన్ని ఊర్లు కండ్లతో చూసినం గానీ, ఆ ఊరు మాత్రం మనసులో ఉండిపోయింది.

సాంచెల మీద పని చేసినోళ్ళకు జపాను కొత్తదేమీ కాదు. టొయోడా సకిచి అని ఒక వడ్రంగి కొడుకు, నడుస్తున్న సాంచాను ఆపకుండా నాడె దానంతట అదే మారే యంత్రం 1924లో చేసిండు. 1929లో దాని హక్కులు ఇంగ్లండు కంపెనీ కొనుక్కున్నది. ఇప్పుడు రోడ్ల మీద తిరిగే టొయోటా కార్లు ఆ ఇంటి నుంచి వచ్చినవే. ఈ ముచ్చట మిల్లులో మా మేస్త్రీ చెప్తుండె. జపాను గురించి నాకు తెలిసింది అంతే.

కామకురా టోక్యోకు దక్షిణాన సుమారు 50 కిలోమీటర్ల దూరం. రైల్లో గంట సేపు. మూడు దిక్కుల గుట్టలు, నాలుగో దిక్కు సముద్రం. పాత కాలంలో ఊర్లోకి రావాలంటే గుట్టలు తొలిచిన ఇరుకు దారుల్లో నుంచే రావాలె. శత్రువు రావడం కష్టం. అందుకనే 1180లో మినమోతో యోరితోమో అనే సేనాని ఈ ఊరిని తన స్థావరం చేసుకున్నడు. 1192లో చక్రవర్తి ఆయనకు షోగున్ బిరుదు ఇచ్చిండు. షోగున్ అంటే సేనలన్నిటికీ పెద్ద. చక్రవర్తి క్యోటోలోనే ఉన్నా, పెత్తనం మాత్రం 1333 దాకా ఈ చిన్న ఊరి నుంచే నడిచింది.

ఉదయం 9 గంటలకు స్టేషను బయట ఒక పెద్దామె మా కోసం చిన్న జెండా పట్టుకొని నిలబడ్డది. 70 దాటినయట. జీతం లేదు. రిటైరయినంక తన ఊరిని వచ్చినోళ్ళకు నడిచి చూపిస్తది. ఆమె ఇంగ్లీషులో చెప్తే మా బిడ్డ తెలుగులో చెప్పేది. మధ్యాహ్నం ఒంటిగంట వరకు ఒక పూట కార్యక్రమం.

ముందుగాల తీసుకపోయింది పెద్ద గుడికి పోయే దారికి. రోడ్డు నడుమ రాళ్ళు పేర్చి ఎత్తుగా కట్టిన బాట. దాన్ని దన్‌కజురా అంటరు. సుమారు అర కిలోమీటరు. రెండు పక్కల చెర్రీ చెట్లు, మేము పోయిననాడు తెల్లటి పూరేకులు రాలుతున్నయ్. గుడి దగ్గరయ్యే కొద్దీ బాట సన్నబడతది. దాంతో చూసేవాళ్ళకు దారి ఇంకా చాలా పొడుగున్నట్టు కనిపిస్తది.

ఈ బాట ఎందుకు వేసిన్రో పెద్దామె చెప్పింది. 1182లో యోరితోమో భార్య మసాకో కడుపుతో ఉండె. కాన్పు సుఖంగా కావాలని దేవునికి మొక్కి ఈ బాట వేయించిండట. పిల్లనిచ్చిన మామతో సహా పెద్ద పెద్ద సర్దార్లు కూడా రాళ్ళు, మన్ను మోసిన్రట. ఇది విని మా ఇంటామె నడిచేది ఆగిపోయింది. "పెండ్లాం కాన్పు కోసం రోడ్డు వేసిండా?" అని మళ్ళీ అడిగింది. పెద్దామె నవ్వి తల ఊపింది.

గుడి పేరు త్సురుగఓకా హచిమంగు. హచిమన్ అంటే యోధులు మొక్కే దేవుడు. గుడి ముందు రెండు చెరువులున్నయ్. కుడి పక్క చెరువులో మూడు దీవులు, ఎడమ పక్క చెరువులో నాలుగు. జపాను భాషలో మూడు అన్న మాట పుట్టుక లెక్క వినిపిస్తదట, నాలుగు అన్న మాట చావు లెక్క వినిపిస్తదట. మూడు తమ వంశానికి, నాలుగు శత్రువుల వంశానికి అని పెట్టిన్రు. కుడి చెరువు దీవి మీద బెంజైతెన్ అనే అమ్మవారి చిన్న గుడి ఉన్నది. ఆమె ఎవరో కాదు, మన సరస్వతమ్మ. బౌద్ధంతో పాటు చైనా మీదుగా ఇంత దూరం వచ్చింది. వీణ బదులు బివా అనే వాళ్ళ తంత్రీ వాద్యం పట్టుకుంటది. మా ఇంటామె చెప్పులు విడిచి మొక్కింది. చూసి ఇద్దరు జపాను పిల్లలు కూడా మొక్కిన్రు.

పై గుడికి 61 మెట్లు. మెట్ల పక్కన వెయ్యేండ్ల నాటిదని చెప్పుకునే జింకో చెట్టు ఉండేదట. 2010 మార్చిలో గాలికి కూలింది. ఇప్పుడు మొద్దుకు కొత్త చిగుర్లు వచ్చినయ్. ఈ మెట్ల దగ్గరనే 1219లో, మంచు పడ్డ రాత్రి, యోరితోమో చిన్న కొడుకు సనెతోమోను సొంత అన్న కొడుకే నరికి చంపిండు. చంపినోడు ఆ చెట్టు వెనక దాక్కున్నడని జనం చెప్పుకుంటరు.

అప్పుడు మా ఇంటామె ఒక మాట అడిగింది: "ఆ బాట వేయించింది ఏ బిడ్డ కోసం? ఆ బిడ్డ ఏమైండు?" కాన్పు సుఖంగానే అయింది, కొడుకు పుట్టిండు, పేరు యోరీయె. తండ్రి తర్వాత రెండో షోగున్ అయిండు. కానీ గద్దె దింపి 1204లో వానిని కూడా చంపిన్రు. మసాకోకు ఇద్దరు ఆడపిల్లలు, ఇద్దరు మొగపిల్లలు. నలుగురూ తల్లి కన్న ముందే పోయిన్రు. ఆమె తల గొరిగించుకొని సన్యాసిని అయినా రాజ్యం తానే నడిపింది. 1225లో పోయింది. సన్యాసిని షోగున్ అని ఆమెకు పేరు.

అక్కడి నుంచి ఎనోదెన్ అనే చిన్న రైలు ఎక్కినం. 1902లో మొదలైన లైను. మొత్తం పొడుగు 10 కిలోమీటర్లే. ఒకటే పట్టా, ఇండ్ల గోడలను రాసుకుంటూ పోతది. కిటికీలోంచి చెయ్యి పెడితే ఆరేసిన బట్టలు అందేటట్టున్నయ్. మన చాళ్ళ పక్కన పోయే లోకల్ రైలు యాదికొచ్చింది. కానీ అరుపుల్లేవు, తోపులాట లేదు. మూడో స్టేషను హసె. అక్కడ దిగినం.

హసె నుంచి పది నిమిషాలు నడిస్తే పెద్ద బుద్ధుడు. 1252లో మొదలుపెట్టిన కంచు విగ్రహం. ఎత్తు 11 మీటర్లకు పైన, బరువు సుమారు 121 టన్నులు. ఒకప్పుడు దీని మీద పెద్ద మంటపం ఉండేది. తుఫాన్లకు కూలింది, మళ్ళీ కట్టిన్రు. 1498 సునామీకి అది కూడా కొట్టుకపోయిందని, ఆ తర్వాత ఇంక కట్టలేదని చెప్తరు. అప్పటి సంది ఆయన ఎండకు, వానకు అట్లనే కూర్చున్నడు. కంచు పచ్చబడ్డది. 1923 భూకంపానికి కింది గద్దె దెబ్బతిన్నది, మళ్ళీ సరిచేసిన్రు. వేరే చిన్న టికెట్టు తీసుకుంటే విగ్రహం కడుపులోకి పోవచ్చు. లోపలి నుంచి చూస్తే ఒక్కొక్క వరుసగా పోతపోసి అతికించిన జాడలు గళ్ళ బట్ట లెక్క కనిపిస్తయ్. నేను చేతితో తడిమి చూసిన. పని చేసినోని చెయ్యి తెలుస్తది.

పక్కన గోడకు పెద్ద గడ్డి చెప్పులు వేలాడుతున్నయ్, ఒక్కొక్కటి మనిషంత పొడుగు. రెండో ప్రపంచ యుద్ధం అయిపోయినంక, 1951లో, ఇబరాకి జిల్లాలోని ఒక ఊరి పిల్లలు అల్లి ఇచ్చిన్రట. బుద్ధుడు లేచి దేశమంతా నడిచి జనాన్ని సుఖపెట్టాలె, నడవాలంటే చెప్పులుండాలె కదా అని వాళ్ళ ఆలోచన. ఇప్పటికీ అక్కడి పిల్లలు కొన్నేండ్లకోసారి కొత్తవి అల్లి పంపుతరు.

ఆఖరుకు హసెదెరా గుడి. గుట్ట మీద ఉన్నది. లోపల 11 ముఖాల కన్నొన్ విగ్రహం, మన బౌద్ధులు అవలోకితేశ్వరుడు అనే దేవుడు. 9 మీటర్ల ఎత్తు, అంతా కర్ర, మీద బంగారు పూత. కానీ నేను చెప్పాలనుకున్నది పైకి ఎక్కే దారి నడుమ ఉన్న చోటు గురించి.

అక్కడ మెట్ల పక్కన చిన్న చిన్న రాతి బొమ్మలు, వందలు, వరుసలు వరుసలు. గుండు తల, మూసిన కండ్లు, జోడించిన చేతులు. జిజో అంటరు. సంస్కృతంలో క్షితిగర్భుడు. పిల్లలను కాపాడే దేవుడు. పుట్టకముందే పోయిన పిల్లల కోసం, పుట్టి బతకని పిల్లల కోసం తల్లిదండ్రులు ఈ బొమ్మలు పెట్టిస్తరని పెద్దామె చెప్పింది. మా బిడ్డ ఆ మాట తెలుగులో చెప్తూ మధ్యలో ఆగింది. మా ఇంటామె మెట్టు మీద కూర్చున్నది.

మాకు మొదటి కాన్పు 1982లో. జనవరి 18న సమ్మె మొదలైంది. రెండున్నర లక్షల మంది కార్మికులం బయటికొచ్చినం. ఎండాకాలం వచ్చేసరికి ఇంట్లో గింజ లేదు. ఆమె కడుపుతో ఉండి ఒక్క పూట తినేది, నాకు మాత్రం రెండు పూటలూ తిన్నానని చెప్పేది. నెల తక్కువగా చాళ్ళోనే కాన్పయింది. మొగపిల్లగాడు. ఏడవలేదు. పక్కింటి ముసలమ్మ తల్లికి చూపించొద్దన్నది. తెల్లవారక ముందే నేనూ, ఇద్దరు దోస్తులూ మిల్లు బట్టలో చుట్టి తీసుకపోయినం. ఇంటికి వచ్చినంక ఆమె ఏమీ అడగలేదు. నేనేమీ చెప్పలేదు. తర్వాత ముగ్గురు పిల్లలు పుట్టిన్రు, పెరిగిన్రు, పెండ్లిండ్లయినయ్. 40 ఏండ్లు దాటినా ఆ మాట మా మధ్య రాలేదు. మా బిడ్డకు కూడా తెలియదు.

ఆ బొమ్మల ముందట కూర్చొని ఆమె అడిగింది: "ఎక్కడ పెట్టినవ్?"

సముద్రం దిక్కున్న శ్మశానంలో, గోడ పక్కన, వేప చెట్టు కింద అని చెప్పిన.

"ముఖం ఎట్లుండె?"

"నీ తీరే ఉండె" అన్న.

ఇంక ఏమీ అడగలేదు. మా బిడ్డ ఆమె పక్కన కూర్చొని చెయ్యి పట్టుకున్నది. పెద్దామె దూరంగా పోయి, మాకు వీపు చేసి నిలబడ్డది. కొంచెం సేపటికి అగరుబత్తులు తెచ్చి మా ఇంటామె చేతిలో పెట్టింది. ఆమె కండ్లు కూడా ఎర్రగ ఉన్నయ్. ఎందుకని మేము అడగలేదు.

గుడి పైన ఒక అరుగు ఉన్నది. అక్కడి నుంచి యుయిగహమా అనే సముద్రపు ఒడ్డు మొత్తం కనిపిస్తది. మేము తెచ్చుకున్న చపాతీలు, పచ్చడి అక్కడి బల్ల మీద తిన్నం. పెద్దామెకు కూడా పెట్టినం. కారం అని నీళ్ళు తాగింది, మళ్ళీ ఇంకో ముక్క అడిగింది. ఒంటిగంటకు స్టేషనులో మమ్మల్ని రైలెక్కించి, రైలు కదిలేదాకా వంగి దండం పెడుతూనే ఉన్నది.

ఎవరైనా పోయేది ఉంటే రెండు మాటలు. మెట్లు చాలా ఉన్నయ్, మెత్తటి బూట్లు వేసుకోండి. జూన్‌లో పోతే హసెదెరా గుట్టంతా హైడ్రేంజియా పూలతో నిండి ఉంటదట, కానీ జనం కూడా అట్లనే ఉంటరట.

ఇక్కడికి వచ్చినంక ఒక ఆదివారం మేమిద్దరం ఆ శ్మశానానికి పోయినం. వేప చెట్టు లేదు. గోడ కొత్తగా కట్టిన్రు. అయినా జాగ నాకు గుర్తున్నది, చూపించిన. ఆమె ఒక కొబ్బరికాయ కొట్టి, కొంచెం సేపు నిలబడి, "ఇంక పోదాం పా" అన్నది. ఆ రాత్రి చాలా సేపు మాట్లాడుకున్నం.

సమ్మెలో ఎన్ని మిల్లులు పోయినయో, ఎందరి కొలువులు పోయినయో లెక్కలున్నయ్. మా పిల్లగాని లెక్క ఏ కాగితంలోనూ లేదు. మీ ఇండ్లల్ల కూడా ఇసొంటివి ఉంటయ్. జపాను దాకా పోవాల్సిన పని లేదు. అన్నలారా, ఇంట్లో ఆడమనిషి అడగలేదంటే మరిచిపోయిందని అనుకోకండి. ఒక పూట దగ్గర కూర్చొని, మీరే ముందు మాట్లాడండి.