పొడుగు కొమ్ముల మందల వెంట

కౌబాయ్ అనగానే మనకు 1971 నాటి ‘మోసగాళ్ళకు మోసగాడు’లో కృష్ణ గుర్తొస్తారు. టోపీ, గుర్రం, నడుముకు తుపాకీ. అసలు కౌబాయ్ మాత్రం పశువుల కాపరి. నెలకు 30, 40 డాలర్లకు ఆసామి మందను తోలే జీతగాడు.

1865లో అమెరికా అంతర్యుద్ధం ముగిసేనాటికి టెక్సస్‌లో పొడుగు కొమ్ముల పశువులు లక్షల్లో ఉన్నాయి. అక్కడ 4 డాలర్లు పలికే పశువుకు ఉత్తరాదిన 40 దాకా వచ్చేది. 1867లో జోసెఫ్ మెకాయ్ అనే వ్యాపారి కాన్సస్‌లోని అబిలీన్‌లో, రైలు మార్గం పక్కనే పశువుల దొడ్లు కట్టించాడు. ఇక మందలన్నీ అటు కదిలాయి. రెండు మూడు వేల పశువులకు పదీ పన్నెండు మంది మనుషులు. రోజుకు 15 మైళ్లు దాటించేవారు కాదు. తొందరపెడితే పశువు చిక్కిపోతుంది, చిక్కితే ధర పడిపోతుంది. మంద వెనక ఉండే కుర్రాడు పొద్దంతా దుమ్ము మింగాల్సిందే.

రాత్రయితే ఇద్దరు గుర్రాలెక్కి మంద చుట్టూ ఎదురెదురుగా తిరుగుతూ పాడేవారు. భక్తి గీతమో, జానపదమో, నోటికి వచ్చింది ఏదైనా సరే. తెలిసిన గొంతు వినబడుతుంటే పశువులు చిన్న అలికిడికి ఉలిక్కిపడవు. పెద్ద ఉరుము ఉరిమితే మాత్రం మంద మొత్తం బెదిరి పరుగు తీసేది. ఆ చీకట్లో దాన్ని మళ్లించడానికి గుర్రాన్ని దౌడు తీయించాలి. గుర్రం కాలు గుంతలో పడిందా, మనిషి గిట్టల కింద పడ్డట్టే. పొంగే ఏళ్లు దాటడం ఇంకో గండం.

తాడు విసిరే విద్య మెక్సికో పశువుల కాపరులైన వకేరోలది. లాసో, ర్యాంచ్, రోడియో అన్నీ స్పానిష్ నుంచి వచ్చిన మాటలే. చరిత్రకారుల అంచనాలో నలుగురు కౌబాయ్‌లలో ఒకరు నల్లజాతి మనిషి.

మందలు తోలే ఆ కాలం ఎన్నాళ్లో సాగలేదు. 1874లో పేటెంటు పొందిన ముళ్లతీగ మైదానాలను ముక్కలు చేసింది. 1886-87 చలికాలం మందలకు మందల్నే చంపేసింది. అంతకుముందే, 1883 వసంతంలో టెక్సస్ కౌబాయ్‌లు నెలకు 50 డాలర్లు కావాలని సమ్మె చేసి ఓడిపోయారు. అదే ఏడాది బఫెలో బిల్ తన ‘వైల్డ్ వెస్ట్’ ప్రదర్శన మొదలుపెట్టాడు. జనం మనసులో నిలిచింది ఆ ప్రదర్శనే, ఆ కూలీ పోరాటం కాదు. ఇది నన్ను బాధపెడుతుంది.

అందుకే బోస్ ఐకర్డ్ అనే కౌబాయ్ పేరు చెప్పాలి. బానిసగా పుట్టిన ఆయన మీద ఆసామి చార్లెస్ గుడ్‌నైట్‌కు ఎంత గురి అంటే, పశువులు అమ్మిన డబ్బు మోసే పని ఆయనకే అప్పగించేవాడు. 1929లో ఐకర్డ్ చనిపోయాక, టెక్సస్‌లోని వెదర్‌ఫర్డ్‌లో ఆయన సమాధి దగ్గర గుడ్‌నైట్ ఒక రాయి నాటించాడు. నాలుగేళ్లు తన దగ్గర పనిచేశాడనీ, మంద బెదిరిన ఎన్నో సందర్భాల్లో తనతో పాటు గుర్రం మీద ఉన్నాడనీ దాని మీద చెక్కించాడు.