బ్రాంబుల్ కొలిచిన సముద్రం

మీరెప్పుడైనా సముద్రపు పటం చూశారా? నేల పటంలో ఊళ్ళూ, నదులూ ఉంటాయి. సముద్రపు పటం నిండా, చీమలు బారులు తీరినట్టు, అంకెలు ఉంటాయి. ఒక్కొక్క అంకె అక్కడ నీరు ఎంత లోతున్నదో చెబుతుంది. ఆ అంకెలు ఎలా వచ్చాయో తెలియాలంటే "బ్రాంబుల్" అనే చిన్న ఓడ సంగతి వినాలి.

బ్రాంబుల్‌ను 1822లో ఇంగ్లండులోని ప్లిమత్‌లో బ్రిటిషు నౌకాదళం కోసం కట్టారు. తరవాత దాన్ని స్కూనరుగా మార్చారు. స్కూనరుకు తెరచాపలు ఓడ పొడుగునా అమరి ఉంటాయి. అందుచేత కొద్దిమంది మనుషులతోనే దాన్ని నడపవచ్చు. గాలి ఎదురైనా, అటూ ఇటూ వాలుగా పోతూ ముందుకు సాగవచ్చు.

1842లో "ఫ్లై" అనే పెద్ద ఓడతో కలిసి బ్రాంబుల్ ఆస్ట్రేలియాకు బయలుదేరింది. దాని నాయకుడు లెఫ్టినెంట్ చార్లెస్ యూల్. ఆ రోజుల్లో సిడ్నీ నుంచి ఇండియాకు వచ్చే ఓడలు చాలా మటుకు టారెస్ జలసంధి గుండా వచ్చేవి. ఆ దారికి అడ్డంగా, రెండువేల కిలోమీటర్లకు పైగా పొడవున, పగడపు దిబ్బల వరస ఉన్నది. నీటిచాటున ఉన్న ఆ దిబ్బలకు కొట్టుకుని ఎన్నో ఓడలు పగిలిపోయాయి. క్షేమమైన దారి వెతకటమే ఈ రెండు ఓడల పని.

లోతు కొలిచే సాధనం చాలా సామాన్యమైనది: తాడుకు కట్టిన సీసపు గుండు. తాడుకు రెండు బారల దగ్గర రెండు తోలు ముక్కలూ, అయిదు బారల దగ్గర తెల్లగుడ్డా, ఏడు బారల దగ్గర ఎర్రగుడ్డా కట్టి ఉండేవి. బార అంటే ఆరడుగులు. గుడ్డల నేత వేరువేరు గనక చీకట్లో కూడా తడిమి లోతు చెప్పవచ్చు. గుండు అడుగున గుంటలో కొవ్వు పూసేవారు. అడుగున ఇసుక ఉన్నదో, బురద ఉన్నదో, ఆ కొవ్వుకు అంటుకుని పైకి వచ్చేది.

లోతు తెలిస్తే చాలదు, ఎక్కడి లోతో తెలియాలి. అందుకని ఒడ్డున కనబడే మూడు గుర్తుల మధ్య కోణాలు సెక్స్టాంటుతో కొలిచి, పడవ ఉన్న చోటు పటం మీద గుర్తించేవారు. నీటి ఆటుపోట్ల తేడా కూడా లెక్క కట్టేవారు. ఇన్ని చేస్తే ఒక్క అంకె!

పగడపు దిబ్బలు గోడలలాగా నిట్టనిలువుగా లేస్తాయి. ఇక్కడ గుండుకు అడుగే అందదు, కొంచెం ముందుకు పోతే దిబ్బ! అందుకని ఒక మనిషి కొయ్య ఎక్కి నీటి రంగు కనిపెట్టుతూ ఉండాలి. ఎండ కళ్ళలో పడితే ఆ రంగు కనబడదు.

1844లో రెయిన్ దీవి మీద, ఓడలకు గుర్తుగా, ఖైదీల చేత రాతి గోపురం కట్టించారు. రాయి ఆ దీవిలోదే, సున్నం గుల్లలు కాల్చి చేసినది, కలప పగిలిన ఓడది. ఆ గోపురం ఇప్పటికీ ఉన్నది.

టారెస్ జలసంధి ఉత్తరపు కొసన ఒక చిన్న ఇసుక దీవికి బ్రాంబుల్ పేరే ఉన్నది. 1845లో నావికులు అక్కడ పెద్ద ఎలకలను చూసి, సరదాకు బాణాలతో కొట్టారు. యూల్ ఆ సంగతి వ్రాసిపెట్టాడు. ఆ జాతి ఎలకలు ప్రపంచంలో మరెక్కడా కనబడలేదు. సముద్రం పొంగి పొంగి దీవి మీది మొక్కలను తినేసింది. 2009 తరవాత ఒక్క ఎలక కూడా కనబడలేదు. ఆ జాతి అంతరించిందని 2019లో ఆస్ట్రేలియా ప్రభుత్వం ప్రకటించింది.

లోతులను ఎన్నిసార్లయినా మళ్ళీ కొలిచి సరిచూసుకోవచ్చు. ఆ ఎలకలను మాత్రం మళ్ళీ చూడలేము.