ఊరు నిలుపుకొన్న జట్టు

స్పెయిన్ దేశపు దక్షిణ తీరాన వెల్వా అనే రేవు పట్టణం ఉంది. సమీపంలోని రియో తింతో రాగి గనులలో కొలువుకు వచ్చిన బ్రిటిష్‌వారు 1889లో అక్కడ నెలకొల్పిన క్రీడాసంఘమే రెక్రెయాతివో. స్పెయిన్‌లో నేటికీ నిలిచి ఉన్న ఫుట్‌బాల్ సంఘాలలో ఇదే ప్రాచీనతమం. 1890లో సెవియాలో ఆడిన తొలి పోటీలో మాత్రం 2–0తో ఓటమే ఎదురైంది!

2006 డిసెంబరులో మహాబలవంతమైన రియల్ మాడ్రిడ్‌ను దాని సొంత మైదానంలోనే 3–0తో ఓడించిన ఈ జట్టు పదేండ్లు తిరగకుండానే అప్పులలో కూరుకుపోయింది. ఆటగాళ్ళకు నెలల తరబడి జీతాలు అందలేదు. సంఘం మూతపడుతుందేమోనని పట్టణ ప్రజలు కలవరపడ్డారు. 2016లో నగరపాలక సంస్థ దానిని స్వాధీనపరచుకొన్నది. కోటలకు, చర్చిలకు దక్కే సాంస్కృతిక సంపద అన్న గౌరవం ఒక ఫుట్‌బాల్ సంఘానికి దక్కింది. 2021లో ఐదవ శ్రేణికి దిగజారిన జట్టు, 2022, 2023 సంవత్సరాలలో వరుసగా రెండు మెట్లు ఎక్కి మూడవ శ్రేణికి చేరుకొన్నది.