ఆటల ఖాతాలోని వస్తువులు: ఎవరు చూడవచ్చును, ఎవరు చూడరాదు?

2025 డిసెంబరులో పంచాయతీ ఎన్నికలు జరిగి కొత్త పాలకవర్గములు ఏర్పడిన కొన్నాళ్లకు వరంగల్లు జిల్లాలోని ఒక గ్రామసభకు వెళ్లుట తటస్థించినది. త్రాగునీటి విషయము, వీధిదీపముల విషయము ముగిసిన పిదప ఒక వృద్ధ వార్డు సభ్యుడు లేచి, "సారూ, మా మనుమని తుపాకి పోయిందట. రెండు దినాల సంది బువ్వ తింటలేడు. పోలీసోళ్లకు చెప్పాల్నా?" అని అడిగినారు. సభ అంతయు ఒక్కపెట్టున నవ్వినది. విచారింపగా ఆ తుపాకి కంప్యూటరు ఆటలోనిది. దానిపై వేయు రంగుల తొడుగు నొకదానిని, హనుమకొండలో డిగ్రీ చదువుచున్న ఆ కుర్రవాడు నెలల తరబడి మిగిల్చిన చేతిఖర్చు డబ్బుతో కొనియుండెను. ముక్కు మొగము తెలియని వాడెవడో మాయమాటలు చెప్పి దానిని కాజేసినాడు. నవ్వినవారి ఇండ్లలోని పిల్లలును అట్టి ఆటలే ఆడుచున్నారని కొంతసేపటికి బయటపడినది. అప్పుడు నవ్వులు తగ్గినవి.

ఈ వస్తువులు ఎట్టివో మొదట తెలిసికొనవలెను. ఆటలో చేరిన ప్రతివానికి ఆట నడుపు సంస్థవారు ఒక ఖాతా తెరతురు. అతడు ఆడి గెలిచినవి, సొమ్మిచ్చి కొన్నవి, మిత్రులు కానుకగా ఇచ్చినవి, అన్నియు ఆ ఖాతాలోని ఒక కొట్టుగదిలో చేరును. దీనిని 'ఇన్వెంటరీ' అందురు. ఆయుధములపై వేయు తొడుగులకు 'స్కిన్‌లు' అని పేరు. ఇవి అందమునకే గాని వీనివలన తుపాకి గురి పెరగదు. అయినను వీనికి వెల కలదు. అమెరికాలోని వాల్వ్ సంస్థ తన 'కౌంటర్ స్ట్రైక్' ఆటలో 2013 ఆగస్టులో వీనిని ప్రవేశపెట్టినది. ఆ సంస్థవారిదే యైన 'స్టీమ్' అను అంగడిలో ఆటగాండ్రు వీనిని ఒకరితో నొకరు మార్చుకొనుచుందురు, అమ్ముకొనుచుందురు. మిక్కిలి అరుదైనవి లక్షల రూపాయలకు చేతులు మారుట కూడ కలదు.

ఇక అసలు విషయము. మన ఇండ్లలో గాదెలో ఎన్ని బస్తాల ధాన్యమున్నదో వాకిట వ్రాసిపెట్టుకొనము. ఏనుమాముల మార్కెట్టులో మిర్చి అమ్మి వచ్చు రైతు తన రొంటిన ఎంత సొమ్మున్నదో బస్సులోని వారికి చెప్పడు. కాని ఆటల ఖాతాలోని కొట్టుగది తలుపు తెరచియుండినచో, ప్రపంచమున ఏ మూలనున్న వాడైనను లోపల ఏమున్నదో చూడగలడు. చూచినంత మాత్రమున వస్తువు పోదన్నది నిజమే. అయితే దొంగ ఎవరి ఇంటికి పోవలెనో నిశ్చయించుకొనునది ఈ చూపు చేతనే. వాడు తెరచియున్న గదులను వెదకుచు పోయి, విలువగల వస్తువు కనబడినచోట ఆగి, ఆ పిల్లవానితో స్నేహము కలుపును. నాలుగు దినములు కలిసి ఆడును. తరువాత ఒకనాడు, "పొరపాటున నీ ఖాతాపై ఫిర్యాదు చేసితిని, అది మూతపడకుండ ఉండవలెనన్న ఫలానా అధికారితో మాట్లాడుము" అనును. ఆ అధికారి కూడ వాని ముఠాలోని వాడే. లేదా, "మా జట్టుకు ఓటు వేయుము" అని ఒక లింకు పంపును. అది అసలు ప్రవేశపుటను పోలిన నకిలీ పుట. అందులో పాస్‌వర్డు వ్రాసిన క్షణమున ఖాతా వాని చేతిలో పడును.

కావున మొదట మూయవలసినది ఆ తలుపు. స్టీమ్ ఖాతాలో 'ఎడిట్ ప్రొఫైల్' అను చోటికి పోయి 'ప్రైవసీ సెట్టింగ్స్' తెరచినచో, ఖాతాలోని ఒక్కొక్క భాగమునకు వేరువేరు ఏర్పాట్లు కనబడును. ఇన్వెంటరీ కెదురుగా మూడు మాటలుండును. 'పబ్లిక్' అనగా అందరును చూడవచ్చును. 'ఫ్రెండ్స్ ఓన్లీ' అనగా మిత్రుల పట్టికలోని వారు మాత్రమే. 'ప్రైవేట్' అనగా ఖాతాదారుడు తప్ప ఇతరులు చూడలేరు. దానిక్రింద ఒక చిన్న గడి కలదు. దానిని గుర్తించినచో, గది తెరచియున్నను ఇంకను వాడని కానుకలు మాత్రము ఇతరులకు కనబడవు. మిత్రుల పట్టికను కూడ ఇదే పుటలో మరుగు పరచవచ్చును. దీనిని చాలమంది పట్టించుకొనరు. ఎవరెవరు మిత్రులో తెలిసినచో దొంగ వారిలో ఒకని పేరును, బొమ్మను పెట్టుకొని వచ్చును.

నా అనుభవములో ఎక్కువ మందికి మధ్య ఏర్పాటే తగును. పిల్లవాడు తన వస్తువులను మిత్రులకు చూపవలెనని కోరుట తప్పు కాదు. కొత్త చొక్కా తొడిగినవాడు జాతరకు పోక ఇంట కూర్చుండునా? మార్పిడి చేయగోరు వాడు గదిని పూర్తిగా మూసినచో ఎదుటివానికి ఏమియు కనబడదు. అయితే 'ఫ్రెండ్స్ ఓన్లీ' అన్న మాటకు విలువ ఆ పట్టికలో ఎవరున్నారను దానిపై ఆధారపడియుండును. ముఖము చూడని మూడువందల మందిని మిత్రులుగా చేర్చుకొనిన పిల్లవానికి అది తలుపే కాదు. ముందు పట్టికను ప్రక్షాళన చేయవలెను.

చిన్నపిల్లలు ఆడు 'రోబ్లాక్స్' లో కూడ ప్రైవసీ భాగమున ఇన్వెంటరీని ఎవరు చూడవచ్చును అను ప్రశ్న కలదు. చిన్నవారికి 'ఎవరును చూడరాదు' అను జవాబే మేలు. 2024 నవంబరు నుండి తల్లిదండ్రులు తమ ఖాతాను బిడ్డ ఖాతాతో జతపరచి, తమ ఫోనునుండియే కొన్ని ఏర్పాట్లు చూచుకొను వీలు కల్పింపబడినది.

గ్రామములలో కంప్యూటరు కంటె ఫోనులోనే ఆట ఎక్కువ. ఇచ్చట చిక్కు వేరు. ఆ ఫోను తరచుగా తల్లిది. ఆమె మహిళా సంఘపు అప్పు కబురు, పంట సొమ్ము జమయైన కబురు, బ్యాంకు వారు పంపు ఓటీపీ, అన్నియు ఆ నంబరునకే వచ్చును. ఆటలో స్కిన్ ఉచితముగా ఇచ్చెదమని నమ్మించి ఓటీపీ అడుగువాడు కోరునది స్కిన్ కాకపోవచ్చును. పిల్లవాడు 'ఆటకే గదా' అని చెప్పు ఆరు అంకెలు ఇంటి పెట్టె తాళపుచెవి యగును. ఈ ఒక్క సంగతి ప్రతి ఇంటికి చేరినచో మిగిలినవి తరువాత నేర్చుకొనవచ్చును.

మరియొక మాట. ఈ వస్తువులు కొన్నవాని సొంత ఆస్తి కావు. సంస్థ షరతులకు లోబడి వాడుకొను అనుమతి మాత్రమే. 2020 సెప్టెంబరులో కేంద్ర ప్రభుత్వము పబ్జీ మొబైల్ ఆటను నిషేధించినప్పుడు అందు సొమ్ము పెట్టినవారికి ఈ సంగతి తెలిసి వచ్చినది. 2021 లో దానికి బదులుగా వచ్చిన బీజీఎంఐ లోనికి పాత వస్తువులను తెచ్చుకొనుటకు కొంతకాలము అవకాశ మిచ్చినారు గాని, అది ఆటగాని హక్కుగా కాక సంస్థ ఏర్పాటుగా జరిగినది. ఆ ఆటయు 2022 జూలైలో నిలిపివేయబడి 2023 మే నెలలో తిరిగి వచ్చినది.

తలుపు మూసిన తరువాత తాళము. స్టీమ్ వారు 'స్టీమ్ గార్డ్' అను రెండవ తాళమును ఫోనులో ఇచ్చుచున్నారు. అది లేని ఖాతానుండి వస్తువు బయటకు పోవుటకు పదునైదు దినముల వరకు ఆగవలసియుండును. ఒకసారి పోయిన వస్తువును తిరిగి తెచ్చి ఇచ్చుట తమ పద్ధతి కాదని వారు స్పష్టపరచియున్నారు. అయితే 2025 జూలైలో కౌంటర్ స్ట్రైక్ వస్తువుల విషయమున ఒక మంచి మార్పు చేసినారు: మార్పిడి జరిగిన ఏడు దినముల లోపల ఖాతాదారుడు తానే దానిని రద్దు చేసికొనవచ్చును. అట్లు చేసినచో ఆ ఏడు దినములలోని మార్పిడులన్నియు వెనుకకు మరలును.

చట్టము సంగతి క్లుప్తముగా: డబ్బు ఒడ్డి ఆడు ఆన్‌లైను ఆటలను తెలంగాణలో 2017 లోనే నిషేధించినారు, 2025 ఆగస్టులో పార్లమెంటు దేశమంతటికి వర్తించు చట్టమును చేసినది. స్కిన్‌లను పందెముగా ఒడ్డుమను వెబ్‌సైట్ల జోలికి పోరాదని పిల్లలకు చెప్పుడు. 2023 నాటి వ్యక్తిగత సమాచార రక్షణ చట్టము పదునెనిమిదేండ్ల లోపు వారి సమాచారమును తల్లిదండ్రుల అనుమతితోనే వాడవలెనని విధించినది. దాని నియమములు 2025 నవంబరులో వెలువడినవి. ముఖ్యమైన బాధ్యతల అమలుకు పదునెనిమిది నెలల గడువు ఈయబడినది. సొమ్ము పోయినచో ఆలస్యము చేయక 1930 నంబరునకు ఫోను చేయవలెను. మోసగాని ఖాతా పేరు, మాటల చిత్రములు చెరిపివేయక ఉంచుట అవసరము.

రెండు నెలల కొకసారి జరుగు గ్రామసభలో అరగంట ఇందుకు కేటాయించినచో చాలును. ఉపన్యాసము వలదు. ఊరిలోని డిగ్రీ విద్యార్థి నొకనిని పిలిచి, నలుగురి యెదుట తన ఖాతాయే తెరచి ఈ ఏర్పాట్లను చూపుమనుడు. పోగొట్టుకొనిన పిల్లవానిని మందలించుట మొదలిడినచో తరువాతి వాడు నోరు విప్పడు.

నాటి సభలో అట్లే జరిగినది. వృద్ధుడు మనుమని పిలిపించినారు. కుర్రవాడు సిగ్గుపడుచు ల్యాప్‌టాపు తెచ్చి పంచాయతీ బల్లపై పెట్టినాడు. ఇన్వెంటరీ కెదురుగా 'పబ్లిక్' అనియే ఉండెను. మార్పిడి జరిగి అప్పటికి మూడవ దినము. ఏడు దినముల సదుపాయ మున్నదని అతనికి తెలియదు. మార్పిడుల చరిత్ర పుటలో రద్దు చేయు మీట దొరకుటకు మాకు పావుగంట పట్టినది. తొడుగు తిరిగి వచ్చినది. "అయితే ఇగ తింటడా?" అని తాత అడిగినారు.